మెమరీ నుంచి తీసిన డంప్ తెరుచుకోకపోతే: నా అనుభవం

వర్చువల్ మెషీన్‌లో ఒక 32 బిట్ మాల్వేర్ శాంపిల్ చూస్తున్నాను. దాన్ని యూపీఎక్స్ అనే ప్యాకర్‌తో (ప్రోగ్రామ్‌ను కుదించి, నడిచేటప్పుడు మెమరీలో విప్పే సాధనం) ప్యాక్ చేశారు, కానీ హెడర్ (ఫైల్ వివరాలు ఉండే భాగం) చెడగొట్టడంతో యూపీఎక్స్ దాన్ని విప్పనంది. ఎక్స్64డీబీజీ అనే డీబగ్గర్‌లో నడిపించి, పాప్‌యాడ్ (దాచిన రిజిస్టర్ల విలువలను తిరిగి తెచ్చే ఆదేశం) తర్వాత వచ్చే పెద్ద జంప్ దాటి, అసలు ఎంట్రీ పాయింట్ (ప్రోగ్రామ్ నిజంగా మొదలయ్యే చోటు) దగ్గర ఆపి డంప్ (మెమరీలోని ప్రోగ్రామ్ నకలు) తీశాను. ఇక్కడిదాకా సాఫీగానే సాగింది.

ఆ డంప్‌ను ఘిడ్రాలో (ప్రోగ్రామ్ కోడ్‌ను విడదీసి చూపే సాధనం) తెరిస్తే కోడ్ అంతా చెత్త. కారణం అలైన్‌మెంట్. డిస్క్ మీద సెక్షన్లు (ఫైల్‌లోని కోడ్, డేటా భాగాలు) సాధారణంగా 512 బైట్ల హద్దుల్లో ఉంటాయి, మెమరీలో 4096 బైట్ల హద్దుల్లో. డంప్‌లో డేటా మెమరీ లెక్కన ఉంది, హెడర్ మాత్రం డిస్క్ లెక్కే చెబుతోంది. పీఈ-బేర్ అనే హెడర్ ఎడిటర్‌లో ప్రతి సెక్షన్‌కీ రా అడ్రస్‌ను (ఫైల్‌లోని స్థానం) వర్చువల్ అడ్రస్‌తో (మెమరీలోని స్థానం), రా సైజును వర్చువల్ సైజుతో సమానం చేశాను (సైజును 4096కి రౌండ్ చేయాలి). కోడ్ చక్కగా కనిపించింది.

నడిపితే మాత్రం క్రాష్! ఇంపోర్ట్ టేబుల్‌లో (ప్రోగ్రామ్ బయటి నుంచి వాడుకునే ఫంక్షన్ల జాబితా) ఫంక్షన్ల పేర్ల బదులు ఆ క్షణంలో డీఎల్‌ఎల్‌లలో (విండోస్ లైబ్రరీ ఫైళ్లు) ఆ ఫంక్షన్లు ఉన్న అడ్రస్‌లే మిగిలాయి. అవి రీబూట్‌తో మారిపోతాయి. దీన్ని సరిచేయడానికి సిల్లా అనే సాధనం ఉంది. ప్రాసెస్ ఇంకా ఆగి ఉండగానే ఎంట్రీ పాయింట్ ఇచ్చి, ఇంపోర్ట్స్ వెతికించి, చెల్లని ఎంట్రీలు తీసేసి, ఫిక్స్ డంప్ నొక్కాలి. చెల్లనివన్నీ గుడ్డిగా కోసేయకండి, కొన్ని అసలు ఫంక్షన్‌కే దారి తీస్తాయి. డీబగ్గర్‌లో ఒకసారి వెంబడించి చూడండి.

చివరగా ఇమేజ్ బేస్‌ను (ప్రోగ్రామ్ మెమరీలో లోడ్ కావాల్సిన అడ్రస్) డంప్ తీసినప్పటి అడ్రస్‌కు మార్చి, ఆ అడ్రస్‌ను ప్రతిసారీ మార్చనిచ్చే డైనమిక్ బేస్ ఫ్లాగ్ తీసేశాను. ఫైల్ నడిచింది.