మై జెట్టర్లింగ్ ఫిల్మోగ్రఫీ తప్పుల్లేకుండా తయారుచేయడం ఎలా?

స్వీడన్ నటి మై జెట్టర్లింగ్ (1925–1994) పేరు కింద చాలా జాబితాల్లో 'నటి' అన్న మాటే ముందుంటుంది. దర్శకత్వం, రచన ఎక్కడో అడుగున పడిపోతాయి. సినిమాకో వరుస చొప్పున రాయడం వల్ల వచ్చే చిక్కు ఇది. పనికో వరుస పెట్టండి. ఉదాహరణకు 1966 నాటి 'నాట్‌లేక్'కు మూడు వరుసలు కావాలి: మూల నవల ఆమెదే, దర్శకత్వం ఆమెదే, స్క్రీన్‌ప్లే మాత్రం అప్పటి భర్త డేవిడ్ హ్యూస్‌తో కలిసి రాసింది. మూడోదాన్ని 'సహరచన' అనే రాయాలి.

సంవత్సరం, అసలు పేరు, ఇంగ్లిష్ పేరు, దేశం, నిడివి, చేసిన పని, కథకు మూలం: ఈ ఏడు గళ్లు చాలు. చివరిది అనవసరం అనిపించవచ్చు గానీ, అసలు ఆసక్తి అక్కడే ఉంది. తొలి ఫీచర్ 'ఎల్స్కాండె పార్' (1964)కు ఆధారం ఆగ్నెస్ ఫోన్ క్రూసెన్‌షేర్నా నవలలు. 'అమోరోసా' (1986) ఆ రచయిత్రి జీవితం మీదే తీసింది. మూలం గడి లేకపోతే ఇరవై రెండేళ్ల ఈ లంకె కనబడదు.

దేశం గడి నింపేటప్పుడు స్వీడన్ డేటాబేస్ ఒక్కదాన్నే నమ్ముకోకండి. 'డాక్టర్ గ్లాస్' స్వీడిష్ నవలే, కానీ సినిమా డెన్మార్క్‌ది. 'స్క్రబ్బర్స్' బ్రిటన్‌లో తీసింది. 'డాక్టర్ గ్లాస్', 'ఫ్లికోర్నా' రెండూ 1968వే కాబట్టి, ఏది ముందో చెప్పాలంటే విడుదల తేదీ దాకా వెళ్లాలి. ఇక 'నాట్‌లేక్' తేదీలో ఓ మెలిక ఉంది. 1966 వెనిస్ చలనచిత్రోత్సవంలో దాన్ని సాధారణ ప్రేక్షకులకు చూపలేదు. అందుకని వెనిస్ తేదీని 'తొలి బహిరంగ ప్రదర్శన' అని రాస్తే తప్పవుతుంది.

అందరూ బోల్తాపడేది 'ది వార్ గేమ్' దగ్గర. జెట్టర్లింగ్‌ది ఇద్దరు పిల్లలు, ఒక తుపాకీ చుట్టూ అల్లిన, పావుగంట నిడివి ఉన్న చిన్న చిత్రం. 1963లో వెనిస్‌లో బహుమతి పొందింది. 1965లో పీటర్ వాట్కిన్స్ బీబీసీకి తీసిన అణుయుద్ధ చిత్రానికీ అదే పేరు. దాని నిడివి ముప్పావుగంట పైనే. పేరు చూసి కాదు, నిడివి చూసి వేరుచేయండి.

1972 మ్యూనిక్ ఒలింపిక్స్ మీద వచ్చిన 'విజన్స్ ఆఫ్ ఎయిట్' (1973)కు ఎనిమిది మంది దర్శకులు. బరువులెత్తేవారి భాగం మాత్రమే ఈమెది. 'దర్శకత్వం' అని వదిలేయకుండా 'ఒక భాగానికి దర్శకత్వం' అని రాయండి.

అచ్చు కేటలాగుల్లో వెతికేవారికి ఒక చిట్కా: స్వీడిష్‌లో చుక్కలున్న ఏ, ఓ అక్షరాలు జెడ్ తర్వాత వస్తాయి. చుక్కలున్న ఏతో మొదలయ్యే 'ఎల్స్కాండె పార్' మొదటి పేజీల్లో దొరకలేదంటే పుస్తకం చివరికి తిప్పండి.

జాబితాను 'నటనా దశ', 'దర్శకత్వ దశ' అని రెండుగా కోయకండి. దర్శకురాలిగా పాతికేళ్లు గడిచాక, 1990లో 'ది విచెస్'లో అమ్మమ్మగా నటించింది. కాలక్రమంలో అన్నీ కలిపి రాసి, నటన వరుసలకు ఒక రంగు, మిగతావాటికి మరో రంగు వేస్తే సరిపోతుంది.