చిన్న చిమ్మటల సీజన్ వస్తోంది, దీపం వెలిగించకముందే ఇవి చూసుకోండి

సీజన్ మొదలవబోతోంది, చిన్న చిమ్మటల్ని పట్టి చూడడానికి తెల్ల గుడ్డ కట్టి దీపం పెట్టుకుని రాత్రంతా కూర్చునేవాళ్ళు సామాన్లు బయటికి తీస్తుంటారు, అందుకని ఇప్పుడే రాస్తున్నా. మనం పట్టే చిన్న చిమ్మట, మైక్రో అంటాం, రెక్కలు చాపినా చాలావరకు రెండు సెంటీమీటర్లు దాటదు, నెప్టిక్యులిడే కుటుంబంలో అయితే నాలుగు మిల్లీమీటర్లవి కూడా ఉంటాయి, కుట్టదు, కరవదు, దీంట్లో భయపడడానికి ఏముంది అనుకుంటారు కొత్తవాళ్ళు. పురుగుతో ఏమీ లేదు, నిజమే. దాని కోసం మనం వాడే కరెంటు, యూవీ లైటు, అమ్మోనియా, కాస్టిక్ ద్రావణం, వీటితోనే అంతా. నాకు తగిలిన దెబ్బలన్నీ రాత్రి ఒంటిగంట దాటాక తగిలినవే, మూత పెట్టడం మర్చిపోయేదీ, ఒక డబ్బా బదులు ఇంకోటి తీసేదీ అప్పుడే. అందుకే ఆలోచించి చెయ్యాల్సిన పనులన్నీ పగలే అయిపోవాలి, రాత్రికి చేతులకి అలవాటైన పని మాత్రమే మిగలాలి. మిగతా రాసేదంతా ఈ ఒక్క మాట చుట్టూనే తిరుగుతుంది.

ముందు దీపం సంగతి. చాలామంది దగ్గర ఇంకా పాత మెర్క్యురీ వేపర్ బల్బులే ఉన్నాయి, పురుగుల్ని బాగా లాగుతాయి, కాదనను, కానీ అది కాలిపోతూ ఉన్నప్పుడు ఒక్క వాన చుక్క పడినా గాజు పగలొచ్చు. పైగాజు పగిలినా లోపలి ట్యూబు వెలుగుతూనే ఉండే అవకాశం ఉంది, అసలు ప్రమాదం అదే, ఎందుకంటే చిన్న తరంగాల యూవీని ఆపేది ఆ పైగాజే. అది లేకుండా కాసేపు దగ్గర్లో కూర్చుంటే అప్పటికేమీ తెలీదు, కొన్ని గంటల తర్వాత కళ్ళల్లో ఇసుక పోసినట్టు మొదలై నీళ్ళు కారి కళ్ళు తెరవలేని పరిస్థితి వస్తుంది. గాజు టప్‌మన్న చప్పుడు వినిపిస్తే బల్బు వైపు చూడకుండా మెయిన్ ఆపెయ్యండి. బల్బు పైన వాన పడకుండా గొడుగు లాంటిది ముందే కట్టుకోండి, అది బల్బుకి మరీ దగ్గరగా ఉండకూడదు, వేడికి అంటుకుంటుంది. ఆపిన వెంటనే మళ్ళీ వెయ్యాలని చూడకండి, ఆ బల్బు చల్లారాకే వెలుగుతుంది, ఆ చీకట్లో కంగారుపడి వైర్లు కదిపేవాళ్ళని చూశాను. నన్నడిగితే ఇప్పుడు కొనేవాళ్ళు యూవీ ఎల్ఈడీనే కొనుక్కోండి, పవర్ బ్యాంకు మీద నడుస్తుంది, అంత వేడీ ఉండదు, పాదరసమూ ఉండదు.

ట్యూబు లైట్లు వాడేవాళ్ళకి ఇంకో మాట, దీన్ని దయచేసి తేలిగ్గా తీసుకోకండి. ఎనిమిది వాట్ల బ్లాక్ లైట్ ట్యూబూ, క్రిములు చంపే జెర్మిసైడల్ ట్యూబూ ఒకే సైజు, ఒకే పిన్నులు, ఒకే ఫిట్టింగులో కూర్చుంటాయి. బ్లాక్ లైట్ గాజు నల్లటి ఊదా రంగులో ఉంటుంది, ఆక్టినిక్ రకం అయితే లోపల తెల్ల పూత ఉంటుంది. జెర్మిసైడల్ ట్యూబు గాజు మాత్రం పూర్తిగా తేటగా ఉంటుంది, లోపలి తీగ కూడా కనిపిస్తుంది, అది 254 నానోమీటర్ల యూవీ వదుల్తుంది, చర్మాన్నీ కంటినీ కాలుస్తుంది. పగటి వెలుతురులో ట్యూబు చేతిలో పట్టుకుని చూడండి, అటువైపు కనిపిస్తే అది మన పనికి కాదు. మంచి రకం అయినా సరే యూవీని ఆపే కళ్ళద్దాలు పెట్టుకోండి, ఎందుకంటే మైక్రోల కోసం మనం గుడ్డకి జానెడు దూరంలో ముఖం పెట్టి గంటల తరబడి చూస్తాం, పెద్ద చిమ్మటలు పట్టేవాళ్ళకి అంత దగ్గర్నించి చూసే అవసరం ఉండదు.

కరెంటు బయటికి లాగితే ఆర్‌సీసీబీ (కరెంటు లీకయితే వెంటనే ఆపేసే స్విచ్) లేకుండా లాగకండి, ఎక్స్‌టెన్షన్ బాక్సు నేల మీద కాకుండా ఎత్తులో పెట్టండి. జనరేటర్ అయితే టెంటుకి దూరంగా, గాలి వాలు చూసుకుని పెట్టాలి, ఆ పొగలో కార్బన్ మోనాక్సైడ్‌కి వాసన ఉండదు.

దీపం దగ్గరికి మనకి కావాల్సినవే రావు కదా. పెడెరస్ అని నారింజ, నలుపు పట్టీలతో చీమ లాగా ఉండే సన్నటి పురుగు వస్తుంది, కొన్నిచోట్ల యాసిడ్ పురుగు అంటారు. అది కుట్టదు, మెడ మీద పాకినప్పుడు మనం అలవాటుగా రుద్దేస్తాం చూశారా, అప్పుడు దాని ఒంట్లోని పెడెరిన్ చర్మానికి అంటుకుంటుంది. నాకు ఒకసారి అలాగే అయింది, ఆ రాత్రి ఏమీ లేదు, మర్నాడు ఎర్రగా గీత లాగా వచ్చి తర్వాత బొబ్బలెక్కింది, ఆ చేత్తోనే కన్ను నలుపుకుని ఉంటే ఇంకెంత అయ్యేదో. కాబట్టి ఒంటి మీద ఏది పాకినా రుద్దొద్దు, ఊది పంపించండి, నలిగిందనిపిస్తే వెంటనే సబ్బుతో కడగండి. పొడుగు చేతుల చొక్కా వేసుకుని కాలరు బటను పెట్టుకోండి. తల లైటు నుదుటికి కట్టుకుంటే పురుగులన్నీ ముఖం మీదికే వస్తాయి, దాన్ని చేత్తో పట్టుకోండి లేదా ఎర్ర వెలుతురు వాడండి. చెవుల్లో దూది పెట్టుకోవడం నవ్వులాటగా అనిపిస్తుంది గానీ చెవిలోకి చిన్న చిమ్మట దూరి కొట్టుకుంటుంటే ఆ బాధ పడినవాడికే తెలుసు. అలా అయితే ఫోర్సెప్స్ పెట్టి లాగకండి, ఇంకా లోపలికి పోతుంది. కర్ణభేరికి చిల్లు గానీ చెవిలో ట్యూబులు గానీ లేవని తెలిస్తే గోరువెచ్చని నూనె రెండు మూడు చుక్కలు వేసి డాక్టరు దగ్గరికి వెళ్ళండి.

స్థలం పగలే నడిచి చూసుకోవాలి, గుంటలు, కందిరీగ పట్టులు, పాములు చేరే రాళ్ళ గుట్టలు. ఒక్కరే వెళ్ళకండి, వెళ్ళక తప్పకపోతే ఎక్కడున్నారో, ఎన్నింటికి తిరిగొస్తారో ఇంట్లో చెప్పి వెళ్ళండి.

పట్టేటప్పుడు నోటితో పీల్చి పురుగుని గొట్టంలోకి లాగే ఆస్పిరేటర్ మైక్రోలకి వద్దు. రెక్కల పొడి ఊడిపోయి స్పెసిమెన్ (దాచుకునే నమూనా) పనికిరాకుండా పోతుంది, ఆ పొడి మన ఊపిరితిత్తుల్లోకీ పోతుంది. ఒక్కో దాన్ని ఒక్కో గాజు గొట్టంలోకో చిన్న డబ్బాలోకో ఎక్కించండి, గొట్టం అంచు దాని ముందు పెట్టి వెనకనుంచి మెల్లగా తాకితే అదే లోపలికి నడుస్తుంది. డబ్బాలు చల్లగా, చీకట్లో పెట్టండి, ఎండలో కారులో వదిలేస్తే అన్నీ పోతాయి. ఆస్తమా ఉన్నవాళ్ళు దీపంతో పురుగుల్ని పట్టే ట్రాప్ పెట్టె దులిపేటప్పుడు మాస్కు పెట్టుకోవాలి, రెక్కల పొలుసులు ఎలర్జీ తెప్పిస్తాయి. ఎన్ని వచ్చినా అన్నీ తీసుకోకండి, పరిశీలించడానికి ఎన్ని కావాలో అన్నే.

చంపే మందు గురించి నా అభిప్రాయం సూటిగా చెప్తాను, సైనైడ్ జోలికి అస్సలు పోవద్దు, పాతకాలంలో వాడేవారంటారు గానీ ఇప్పుడు దాని అవసరమే లేదు. ఇథైల్ అసిటేట్ అయితే సున్నా డిగ్రీల కంటే కింద ఉన్నా కూడా దాని ఆవిరి మంటందుకుంటుంది, ఆ ఆవిరి గాలి కంటే బరువు, నేల మీద పాకి దూరంగా ఉన్న నిప్పుదాకా పోతుంది. వేడెక్కిన బల్బు పక్కన ఆ సీసా తెరిచేవాళ్ళని చూస్తే నాకు గుండె ఆగినంత పనవుతుంది. పైగా డీఎన్ఏ పాడవుతుంది, పాలిస్టైరిన్ డబ్బాలు కరిగిపోతాయి. మైక్రోలకి చాలామంది అమ్మోనియా ఇష్టపడతారు, పురుగు బిగుసుకోకుండా మెత్తగా ఉంటుంది కాబట్టి రెక్కలు చాపడం తేలిక, ఆకుపచ్చవి మాత్రం రంగు మారతాయి. గాఢ అమ్మోనియా సీసాలో వేడికి ఒత్తిడి పెరుగుతుంది, మూత తీసేటప్పుడు ముఖం పక్కకి తిప్పి ఆరుబయట తీయండి, దూదికి రెండు చుక్కలు చాలు. బ్లీచింగ్ ద్రావణంతో కడిగిన డబ్బాలో అమ్మోనియా పొయ్యొద్దు, విషవాయువు పుడుతుంది. నేనైతే ఇప్పుడు ఫ్రీజరే వాడుతున్నాను, డబ్బాలో చిన్న పచ్చి ఆకు ముక్క వేస్తే ఎండిపోకుండా ఉంటుంది, తీసిన వెంటనే పిన్ను గుచ్చాలి, ఇంత చిన్న ఒళ్ళు గట్టిపడడానికి ఎంతో సేపు పట్టదు.

పిన్ను అన్నాను కదా, మైక్రో పిన్ను మందం 0.1 నుంచి 0.2 మిల్లీమీటర్లు, తల ఉండదు, వెంట్రుక లాగా ఉంటుంది. కింద పడితే కనిపించదు, అరికాల్లో దిగితేనే తెలుస్తుంది. తెల్ల కాగితం పరిచి దాని మీదే పని చెయ్యండి, పక్కన ఒక అయస్కాంతం పెట్టుకోండి, అన్ని స్టీలు పిన్నులూ దానికి అంటవు కాబట్టి లెక్క కూడా ఉండాలి, పది తీస్తే పది కనిపించాలి. పిన్ను ఎప్పుడూ నోట్లో పట్టుకోవద్దు.

ఇక డిసెక్షన్. రెక్కలు చూసి చాలా జాతుల్ని విడదీయలేం, పొత్తికడుపు తీసి 10 శాతం పొటాషియం హైడ్రాక్సైడ్‌లో (మొదట్లో చెప్పిన కాస్టిక్ ద్రావణం ఇదే) ఉడికించి జననాంగాలు చూడాల్సిందే. ఇక్కడే అన్నిటికంటే ఎక్కువ జాగ్రత్త కావాలి. ద్రావణం కలిపేటప్పుడు నీళ్ళలో గుళికలు ఒక్కొక్కటిగా వెయ్యాలి, గుళికల మీద నీళ్ళు పొయ్యకూడదు, ఉన్నట్టుండి మరిగి చిమ్ముతుంది. టెస్ట్ ట్యూబుని నేరుగా మంట మీద పెట్టకండి, అది కూడా ఒక్కసారిగా పైకి ఎగజిమ్ముతుంది, నాకొకసారి కళ్ళద్దాల మీద పడింది, అద్దాలు లేకపోతే ఆ చుక్క కంట్లోకే. వేడి నీళ్ళ గిన్నెలో ట్యూబు నిలబెట్టండి, లేదా వేడే లేకుండా రాత్రంతా నానబెట్టండి, తొందరేముంది. వేళ్ళకి జారుడుగా, సబ్బు నీళ్ళలా తగిలిందంటే అర్థం మీ చర్మంలోని కొవ్వే సబ్బుగా మారుతోందని, వెంటనే కడగండి. కంట్లో పడితే కనీసం ఇరవై నిమిషాలు ధారగా నీళ్ళు పోస్తూ ఆసుపత్రికి, వెనిగర్ లాంటివి పొయ్యొద్దు. రంగు కోసం వాడే క్లోరజాల్ బ్లాక్ క్యాన్సర్ అనుమానం ఉన్న రంగు, పొడి రేగకుండా గ్లవ్స్ వేసుకుని కలపండి.

మనిషికే కాదు, సమాచారానికీ ఈ దశలోనే దెబ్బ తగుల్తుంది. ఒక గిన్నెలో ఒకే పొత్తికడుపు, స్లైడు నంబరు అదే పిన్ను మీద ఉండాలి, రెండు కలిసిపోతే రెండూ పోయినట్టే. ఎడ్వర్డ్ మేరిక్ అనే ఇంగ్లీషు కీటక పరిశోధకుడు ఒక్కడే 14 వేలకి పైగా మైక్రో జాతుల్ని వర్ణించాడు, జననాంగాల జోలికి వెళ్ళకుండా రెక్కల ఈనెలు, నోటి భాగాలు చూసి. ఆయన 1938లో పోయాక ఆ స్పెసిమెన్లు మళ్ళీ తీసి డిసెక్ట్ చేసి ఏది ఏదో తేల్చాల్సి వచ్చింది, అది కుదిరింది అంటే పిన్నుకి స్పెసిమెనూ లేబులూ మిగిలి ఉన్నాయి కాబట్టే. లేబుల్ మీద స్థలం, అక్షాంశ రేఖాంశాలు, తేదీ, ఎలా పట్టారు, ఎవరు పట్టారు, ఇవన్నీ పట్టిన రాత్రే పెన్సిలుతో రాసి డబ్బాలో పెట్టెయ్యండి. రేపు రాద్దాం అనుకున్న లేబుల్ రేపటికి గుర్తుండదు.

స్పెసిమెన్లు దాచిన పెట్టెల్లో ఎండిన పురుగుల్ని తినే ఆంత్రెనస్ పెంకు పురుగు పిల్లలు చేరితే నెలలో అంతా పొడి. కొత్తగా తెచ్చిన ప్రతి పెట్టెనీ ప్లాస్టిక్ సంచిలో మూసి మైనస్ 20 డిగ్రీల్లో రెండు వారాలు ఉంచండి, బయటికి తీశాక గది వేడికి వచ్చేదాకా సంచి విప్పొద్దు, తేమ పట్టేస్తుంది. పురుగులు చేరకుండా వేసే నాఫ్తలీన్, పారాడైక్లోరోబెంజీన్ రెండూ ఒకే పెట్టెలో వెయ్యొద్దు, కలిసి ద్రవంగా కరిగి మరకలవుతాయి. ఇంట్లో జీ6పీడీ అనే ఎంజైము లోపం ఉన్న పసిపిల్లలుంటే నాఫ్తలీన్ అసలు తేవద్దు, ఆ ఆవిరికి వాళ్ళ ఎర్ర రక్తకణాలు పగిలిపోతాయి.

ఆకుల్లో సొరంగాలు తొలిచే చిమ్మట పిల్లల్ని పెంచేవాళ్ళు, ఆకు తెంపేముందు దాని అడుగు చూడండి, ముళ్ళ గొంగళి ఉంటే చెయ్యి మండుతుంది. పురుగుమందు కొట్టిన చెట్లు వద్దు. ఒకచోట తెచ్చి పెంచినవి ఇంకోచోట వదలొద్దు. కామెరేరియా ఒహ్రిడెల్లా అనే మైక్రో ఇప్పటి ఉత్తర మాసిడోనియాలోని ఒహ్రిడ్ సరస్సు దగ్గర దొరికితే 1986లో పేరు పెట్టారు, తర్వాత యూరప్‌లో చాలా దేశాల హార్స్ చెస్ట్‌నట్ చెట్ల ఆకులు దాంతో గోధుమ రంగుకి తిరిగాయి. టమాటాని తినేసే ట్యూటా అబ్సొల్యూటా దక్షిణ అమెరికా నుంచి 2006లో స్పెయిన్‌లో కనిపించి అక్కణ్ణుంచి ఎక్కడెక్కడికో పాకింది. మన డబ్బాలో బుజ్జిగా కనిపించేది ఇంకొకరి పంట పోగొట్టగలదు.

రక్షిత అడవుల్లో అనుమతి పత్రం చేతిలో ఉంటేనే దీపం పెట్టండి. స్పెసిమెన్ సరిహద్దు దాటించాలంటే ఆ దేశపు నిబంధనలు, నగోయా ఒప్పందం (ఒక దేశపు జీవ వనరుల వాడకం మీద అంతర్జాతీయ ఒప్పందం) కింద కావాల్సిన కాగితాలు ముందే చూసుకోవాలి.

ఆఖరిది తెల్లారుజాము పని. పక్షులకి మన గుడ్డ ఎక్కడుందో రెండు రోజుల్లో తెలిసిపోతుంది, తెల్లారగానే వచ్చి గుడ్డ మీద ఆగినవన్నీ ఏరుకు తింటాయి. ఇంకా చీకటి ఉండగానే దీపం ఆపండి, గుడ్డని దూరంగా గుబురు పొదల దగ్గరికి తీసుకెళ్ళి మెల్లగా దులపండి, అంచు మడతల్లో కూడా వేలితో విప్పి చూడండి, నాలుగు మిల్లీమీటర్లది ఆ మడతలోనే ఉంటుంది.