పాత స్కోరుకార్డు చదవడం ఎలా – 4వ పాఠం: పేరు వెనక కూలి

పోయిన పాఠంలో ఇచ్చిన లెక్కతోనే మొదలుపెడదాం. 1877 మార్చి 15న మెల్‌బోర్న్‌లో మొదలైన మ్యాచ్, తర్వాతి రోజుల్లో అందరూ తొలి టెస్టు అని పిలిచిన మ్యాచ్, అందులో ఆస్ట్రేలియా మొదటి ఇన్నింగ్స్ చూడండి. ఇంగ్లండ్ బౌలర్ ఆల్‌ఫ్రెడ్ షా పేరు పక్కన 55.3 – 34 – 51 – 3 అని ఉంది. అంటే వరసగా ఓవర్లు (చుక్క తర్వాతది మిగిలిన బంతులు), మెయిడెన్లు (ఒక్క పరుగూ ఇవ్వని ఓవర్లు), ఇచ్చిన పరుగులు, తీసిన వికెట్లు. ఎన్ని బంతులు వేశాడో చెప్పమన్నాను. మీకు 333 అని వచ్చిందంటే ఓవరుకి ఆరు బంతుల చొప్పున వేసుకున్నారన్నమాట. ఆ మ్యాచ్‌లో ఓవరంటే నాలుగు బంతులే. 55ని 4తో గుణించి మిగిలిన 3 కలిపితే 223 వస్తుంది. ఇవాళ్టి లెక్కలో చెప్పాలంటే 37 ఓవర్ల ఒక బంతి.

ఇది ఒకసారి నోట్‌బుక్‌లో రాసి పెట్టుకోండి, ముందు ముందు ప్రతి పాఠంలో పనికొస్తుంది. ఇంగ్లండ్‌లో 1888 సీజన్ దాకా ఓవరుకి 4 బంతులు, 1889 నుంచి 1899 దాకా 5, 1900 నుంచి 6. వేరే దేశాల్లో ఈ తేదీలు వేరుగా ఉంటాయి, కాబట్టి ఏ కార్డు తీసినా ముందు పేజీ పైన "ఓవరుకి ఇన్ని బంతులు" అని రాసుకుని తర్వాతే లెక్కలోకి దిగండి. మెయిడెన్ల విషయంలో కూడా జాగ్రత్త. నాలుగు బంతుల ఓవరులో పరుగు ఇవ్వకపోవడం ఆరు బంతుల ఓవరులో ఇవ్వకపోవడం కంటే సులువు, కాబట్టి 34 మెయిడెన్లు అనగానే ఇవాళ్టి బౌలర్లతో పోల్చేయకండి.

ఇప్పుడు ఇవాళ్టి కార్డు. 1875, లండన్‌లోని లార్డ్స్ మైదానం, ఎంసీసీ (ఆ మైదానం సొంత క్లబ్) మీద నాటింగ్‌హామ్‌షైర్ (ఇంగ్లండ్‌లో ఒక కౌంటీ, అంటే జిల్లా లాంటిది, దాని జట్టు) ఆడింది. మళ్లీ షా. 41.2 – 36 – 7 – 7. ఈ అంకెల్ని తొందరపడి దాటేయకండి, ఒక్క ఐదు నిమిషాలు వీటి దగ్గరే కూర్చోండి. 41 నాలుగులు 164, ఇంకో రెండు, మొత్తం 166 బంతులు. పూర్తయిన 41 ఓవర్లలో 36 మెయిడెన్లు తీసేస్తే మిగిలేది 5 ఓవర్లు, చివర్లో రెండు బంతులు. ఆ ఏడు పరుగులూ అక్కడే వచ్చి ఉండాలి, ఇంకెక్కడా రావడానికి వీల్లేదు. అంటే క్రీజులో నిలబడ్డవాళ్లు ఓవరు తర్వాత ఓవరు చూస్తూ పోయారు, బంతి మాత్రం అదే చోట పడుతూ పోయింది. షా వేగం మీద బతికిన బౌలర్ కాదు, రనప్ (బంతి వేసే ముందు తీసే పరుగు) కూడా పొట్టిదే. ఆయన అమ్మింది కచ్చితత్వం. "అమ్మింది" అని ఊరికే అనలేదు, ఈ పాఠమంతా ఆ మాట చుట్టూనే తిరుగుతుంది.

షా ప్రొఫెషనల్. క్రికెట్ ఆడితే డబ్బులిస్తారు, ఆడకపోతే ఇవ్వరు. రెక్కాడితే గాని డొక్కాడదు అనే మాట ఆయనకీ ఆయన తోటివాళ్లకీ అక్షరాలా సరిపోతుంది. మనం స్కోరుకార్డు చూసి "ఆహా, ఏం స్పెల్!" అనుకుంటాం. నేనూ మొదట్లో అలాగే అనుకునేవాణ్ణి. కొన్నాళ్లు వీటిని వరసగా చదివాక ఆ 166 బంతుల్లో ఒక పనిరోజు కనిపించడం మొదలైంది, అప్పటినుంచి ఈ కార్డుల మీద నాకున్న ఇష్టమే వేరు.

సరే, కార్డు మీద ఎవరు డబ్బు తీసుకుని ఆడుతున్నారో ఎలా కనిపెట్టాలి? పేరు రాసిన తీరు చూడండి. అమెచ్యూర్, అంటే డబ్బు తీసుకోకుండా ఆడే "జెంటిల్‌మన్", అయితే పేరుకి ముందు మిస్టర్ గానీ వెనక ఎస్క్వైర్ గానీ ఉంటుంది, లేదంటే కనీసం ఇనిషియల్స్ ముందు వస్తాయి: డబ్ల్యూ.జి. గ్రేస్. ప్రొఫెషనల్ అయితే ఒట్టి ఇంటిపేరు: షా, బార్న్స్, ష్రూస్‌బరీ. ఒకే ఇంటిపేరుతో ఇద్దరుంటే తప్పదు కాబట్టి ఇనిషియల్ వేస్తారు, అది కూడా పేరు తర్వాత. చాలా మైదానాల్లో వీళ్ల డ్రెస్సింగ్ రూములు వేరు, మైదానంలోకి దిగే గేట్లు వేరు. దాదాపు ఏటా జెంటిల్‌మెన్ (అమెచ్యూర్లు), ప్లేయర్స్ (ప్రొఫెషనల్స్) అని రెండు జట్లుగా విడిపోయి ఆడుకునేవాళ్లు. ఆ మ్యాచ్ 1806లో మొదలై 1962 దాకా సాగింది. ఒక చిన్న ఇనిషియల్ ఎక్కడ పడిందన్న దాన్నిబట్టి మనిషి అంతస్తు చెప్పేయొచ్చు అంటే నాకు ఇప్పటికీ బాధగానే ఉంటుంది.

ఒక హెచ్చరిక. అమెచ్యూర్ అని రాసి ఉన్నంత మాత్రాన డబ్బు ముట్టలేదని అనుకోకండి. 1873–74లో గ్రేస్ ఆస్ట్రేలియాకి ఒక జట్టును తీసుకెళ్లాడు. ఆయనకి ఖర్చులు కాకుండా 1,500 పౌండ్లు ముట్టాయి. అదే జట్టులోని ప్రొఫెషనల్స్‌కి తలా 150 పౌండ్లు, చేతిఖర్చుకి ఇంకో 20. ఓడలో వాళ్లది రెండో తరగతి. కార్డు మీద మాత్రం మిస్టర్ అన్న గౌరవం 1,500 తీసుకున్నాయనకే. గ్రేస్ గొప్ప ఆటగాడు, అందులో ఎవరికీ సందేహం లేదు, కానీ ఈ పద్ధతి అన్యాయం.

ఇక లెక్క. 1880ల ప్రాంతంలో కౌంటీ మ్యాచ్‌కి ప్రొఫెషనల్‌కి ఇచ్చే మామూలు రేటు 5 పౌండ్లు, గెలిస్తే ఇంకో పౌండు. రైలు చార్జీ, బస, తిండి అన్నీ అందులోంచే. ఒక కార్డు ముందు పెట్టుకుని మార్జిన్‌లో ఇలా రాయండి: వచ్చింది 5. ఊరు దూరమైతే రైలుకీ మూడు రాత్రుల బసకీ కలిపి 2 పౌండ్లు పోయాయనుకుందాం (ఇది మన అంచనా, మీ కార్డుని బట్టి మార్చుకోండి). మిగిలింది 3. వారానికి రెండు మ్యాచ్‌లు పడితే 6 మిగిలినట్టు, పని నేర్చిన మేస్త్రీ వారం కూలి కంటే బాగా ఎక్కువే. ఇక్కడ ఆగిపోతే మాత్రం పొరపాటు చేసినట్టే. సీజన్ మే నుంచి ఆగస్టు చివరిదాకా, అంతే. వేలు విరిగిందా, ఆదాయం లేదు. ఫామ్ పోయి జట్టులోంచి తీసేశారా, ఆదాయం లేదు. చలికాలం వచ్చిందా, ఇంకో పని వెతుక్కోవాలి. 1890ల చివర్లో యార్క్‌షైర్ కౌంటీ జట్టులో కెప్టెన్ లార్డ్ హాక్ హయాంలో చలికాలం కూడా వారానికి 2 పౌండ్లు ఇవ్వడం మొదలుపెడితే అది పెద్ద విశేషమైంది. కాబట్టి మార్జిన్‌లో లెక్క రాసేటప్పుడు మ్యాచ్‌ల డబ్బుని పదహారు పదిహేడు వారాలకి కాదు, 52 వారాలకి పంచండి. అప్పుడు టెన్షన్ ఎక్కడుందో మీకే తెలుస్తుంది.

ఇప్పటిదాకా ఉన్న పేర్లు చదివాం. ఈ పాఠంలో కష్టమైన భాగం లేని పేర్లు చదవడం. 1881 నాటింగ్‌హామ్‌షైర్ కార్డులు వరసగా తీసి, అంతకు ముందు ఏడాది కార్డుల పక్కన పెట్టండి. షా, ష్రూస్‌బరీ, మోర్లీ, సెల్బీ, బార్న్స్, ఫ్లవర్స్, స్కాటన్. జట్టుకి ప్రాణం లాంటి ఈ ఏడుగురూ ఉన్నట్టుండి మాయమవుతారు. గాయాలు కావు, జ్వరాలు కావు. సీజన్ మొత్తానికి ఒప్పందం రాసివ్వాలనీ, బెనిఫిట్ మ్యాచ్‌కి హామీ ఇవ్వాలనీ అడిగారు, క్లబ్ కుదరదంది, వీళ్లు ఆడలేదు. బెనిఫిట్ అంటే ఏళ్ల తరబడి ఆడినవాడికి ఒక మ్యాచ్ గేటు డబ్బు (టికెట్ల వసూలు) ఇచ్చేయడం. పింఛనులాంటిది, కాకపోతే ఆ మూడు రోజులూ వాన పడితే అదీ నీళ్లపాలే. అలాంటి దానికి హామీ అడగడం అత్యాశ అని నేననుకోను.

రెండో ఉదాహరణ 1896 ఆగస్టు, లండన్‌లోని ఓవల్ మైదానంలో ఆస్ట్రేలియాతో టెస్టు. ఇంగ్లండ్ 145, 84. ఆస్ట్రేలియా 119, 44. ఇంగ్లండ్ 66 పరుగులతో గెలిచింది. కార్డు చూస్తే అంతా సవ్యంగానే ఉంటుంది. కానీ అదే ఏడాది లార్డ్స్ టెస్టు కార్డు పక్కన పెట్టి చూడండి, అక్కడ లోమన్, గన్ ఉన్నారు, ఇక్కడ లేరు. మ్యాచ్‌కి ముందు ఐదుగురు ప్రొఫెషనల్స్, లోమన్, గన్, ఏబెల్, రిచర్డ్‌సన్, హేవర్డ్, మ్యాచ్‌కి 10 పౌండ్లు చాలవు, 20 కావాలని అడిగారు. ఏబెల్, రిచర్డ్‌సన్, హేవర్డ్ వెనక్కి తగ్గి ఆడారు. లోమన్, గన్ ఆడలేదు. గన్ తర్వాత 1899లో ఇంకో టెస్టు ఆడాడు. లోమన్ మళ్లీ ఎప్పుడూ ఆడలేదు. 18 టెస్టుల్లో 112 వికెట్లు, సగటు (వికెట్‌కి ఇచ్చిన పరుగులు) 10.75, ఇలాంటి బౌలర్ అలా ఆగిపోయాడు. అప్పటికే ఆయనకి క్షయ. 1901 డిసెంబర్ 1న దక్షిణాఫ్రికాలోని మాట్యీస్‌ఫాంటైన్‌లో పోయాడు, 36 ఏళ్లకే. ఆ ఓవల్ కార్డు తీసినప్పుడల్లా నా కళ్లు ముందు ఆయన పేరు కోసమే వెతుకుతాయి, లేదని తెలిసినా.

ఒక జాగ్రత్త చెప్పి ముగిస్తాను. పేరు లేదని చూడగానే సమ్మె అని రాసేయకండి. కనీసం మూడు వరస కార్డులు చూడండి, ఒకేసారి ఒకరి కంటే ఎక్కువమంది పోయారా లేదా గమనించండి, ఆ వారం వార్తాపత్రిక దొరికితే అదీ చదవండి. ఒక్కడే పోతే గాయమో జబ్బో కావచ్చు. 1877 మెల్‌బోర్న్ కార్డులో ఇంగ్లండ్ వికెట్‌కీపర్ పూలీ పేరు లేదు. బెట్టింగ్ గొడవ మీద ఆయన్ని న్యూజిలాండ్‌లో ఆపేశారు, అందుకే రాలేకపోయాడు. కీపింగ్ సెల్బీ చేశాడు. ఆ జట్టులో ఒక్క అమెచ్యూర్ కూడా లేడు, సదర్టన్ అయితే 49 ఏళ్ల వయసులో వచ్చాడు.

వచ్చే పాఠానికి పని. 1896 ఫిబ్రవరి, పోర్ట్ ఎలిజబెత్, దక్షిణాఫ్రికా రెండో ఇన్నింగ్స్‌లో మొత్తం 30కే ఆలౌట్. లోమన్ పేరు పక్కన 9.4 – 5 – 7 – 8. అక్కడ అప్పుడు ఓవరుకి 5 బంతులు. ఎన్ని బంతులు వేశాడో, సగటున ఎన్ని బంతులకి ఒక వికెట్ తీశాడో లెక్కగట్టండి. తర్వాత మీకు నచ్చిన ఏదైనా 1880ల కౌంటీ కార్డు తీసి, ప్రతి పేరు పక్కన జీతగాడా కాదా అని గుర్తు పెట్టి, జీతగాళ్లు ఆ మ్యాచ్‌లో వేసిన బంతులెన్నో మిగతావాళ్లు వేసినవెన్నో విడివిడిగా కూడి ఉంచండి. 5వ పాఠం ఆ రెండు మొత్తాలతో మొదలుపెడతాను.