ఒడ్డు పక్షుల పాఠం – 4: కర్ల్యూ శాండ్‌పైపర్

పోయిన పాఠంలో లిటిల్ స్టింట్ గురించి చెప్పి, చూసినవాటి వివరాలు రాసి పంపమన్నాను. వచ్చినవాటిలో చాలావరకు ఒకే పొరపాటు ఉంది. బూడిదరంగు వీపు, తెల్ల పొట్ట, నల్ల కాళ్లు కనబడగానే స్టింట్ అని తేల్చేశారు. చలికాలంలో మన తీరంలో ఆ మూడు లక్షణాలున్న పక్షులు ఒకటి కాదు, మూడు నాలుగు జాతులున్నాయి. మీరు స్టింట్ అని రాసినవాటిలో కొన్ని "పొడుగు ముక్కు స్టింట్లు" కూడా ఉన్నాయి. అలాంటి స్టింట్ లేదు. అందుకే ఈసారి చెబుతానన్న గోల్డెన్ ప్లోవర్‌ను వెనక్కి జరిపి, ఆ పొడుగు ముక్కు పక్షిని, అంటే కర్ల్యూ శాండ్‌పైపర్‌నే తీసుకుంటున్నాను.

స్టింట్ పొడవు 12 నుంచి 14 సెంటీమీటర్లు, కర్ల్యూ శాండ్‌పైపర్ సుమారు 20. రెండూ పక్కపక్కన నిలబడితే ఇక పాఠమే అక్కర్లేదు. ఒంటరిగా ఉన్నప్పుడు ముక్కు చూడండి. తల కంటే పొడవుగా ఉంటుంది, కొసకు వచ్చేసరికి మెల్లగా కిందికి వంగుతుంది. తర్వాత మేత చూడండి. స్టింట్ గబగబా పరుగెడుతూ బురద పైపైనే ఏరుకుంటుంది. ఇది పొట్ట తడిసేదాకా నీళ్లలోకి దిగి, ముక్కును పదే పదే లోపలికి గుచ్చుతుంది. అచ్చం వరి నాటు వేసే చెయ్యే, కాకపోతే ఇది ముందుకు నడుస్తుంది.

ఇప్పుడు రంగు సంగతి. "పుస్తకంలో ఇటుక ఎరుపుగా ఉంది, నేను చూసింది బూడిదరంగులో ఉంది, కాబట్టి అది కాదు" అని రాశారు కొందరు. దయచేసి ఈ అలవాటు మానుకోండి. ఆ ఎరుపు సైబీరియా టండ్రాలో, అంటే ఉత్తరాన చెట్లు మొలవని మంచు నేలల్లో, గూడు కట్టే కాలపు వేషం. మగవి ఎక్కువ రోజులు అక్కడ ఉండవు, జతకట్టడం అయిపోగానే దక్షిణానికి బయల్దేరతాయి. నాలుగు గుడ్లనూ పొదిగేది, పిల్లలను కాచేది ఆడపక్షి ఒక్కటే. అందుకే జూలై చివర, ఆగస్టులో మన దగ్గరికి ముందుగా చేరేవి పెద్ద పక్షులు. అప్పటికి వాటి మీద ఎరుపు అతుకులు అతుకులుగా మిగిలి ఉంటుంది. తల్లి కూడా వెళ్లిపోయాక పిల్లలు ఎవరూ దారి చూపకుండానే వేల కిలోమీటర్లు ఎగిరి వస్తాయి. వాటికి ఎరుపే ఉండదు. రొమ్ము మీద లేత గోధుమ ఛాయ, వీపు మీద ప్రతి ఈకకూ తెల్లటి అంచు, చూడటానికి చేప పొలుసుల్లా. నవంబరు నాటికి పెద్దవాటిలో ఎరుపు పోయి అంతా బూడిదే. ఏప్రిల్‌లో మళ్లీ ఎరుపు ఎక్కుతుంది. పుట్టి ఏడాది నిండని పక్షులు చాలావరకు వేసవిలోనూ తిరిగి వెళ్లవు. మే, జూన్‌లలో బురద మేటల మీద కనబడే బూడిద పక్షులు జబ్బుపడి ఆగిపోయినవి కావు, ఇంకా ఈడు రానివి.

రంగును బట్టి పక్షి వయసు, నెల చెప్పవచ్చు. జాతి చెప్పాలంటే ముక్కు, నడక, తోక మొదలు (వీపు తోకతో కలిసే చోటు) చూడాలి. ఎగిరినప్పుడు స్టింట్‌కూ, దీన్ని పోలిన మరో ఒడ్డు పక్షి డన్లిన్‌కూ తోక మొదట్లో నడిమధ్య నల్లటి చార ఉంటుంది, తెలుపు ఇరుపక్కలకే. కర్ల్యూ శాండ్‌పైపర్‌కు ఆ చోటంతా తెలుపే. వరిచేలలో, చెరువుల్లో కనబడే వుడ్ శాండ్‌పైపర్‌కూ తోక మొదలు తెల్లగానే ఉంటుంది కదా అంటారేమో. దాని రెక్క మీద తెల్లటి పట్టీ ఉండదు, దీనికి ఉంటుంది.

ఇంత పట్టుపట్టడానికి కారణం ఉంది. ఈ జాతిని 2024లో ఐయూసీఎన్ (అంతర్జాతీయ ప్రకృతి పరిరక్షణ సంస్థ) 'ముప్పు పొంచి ఉన్న' స్థాయి నుంచి మరో మెట్టు పైకి, 'హాని పొందే' జాబితాలోకి చేర్చింది. చూసిన ప్రతిదాన్నీ స్టింట్ ఖాతాలో వేస్తే, తగ్గిపోతున్న పక్షి తగ్గుతున్నట్టు మన లెక్కల్లో కనబడదు. పైగా టండ్రాలో నక్కలు మామూలుగా తినే లెమ్మింగ్ ఎలుకలు కరువైన ఏడాది, అవి ఈ గుడ్ల మీద, పిల్లల మీద పడతాయి. ఆ ఏడాది మన తీరానికి వచ్చే పొలుసుల వీపు పిల్లలు బాగా తగ్గిపోతాయి. సెప్టెంబరులో గుంపులో పిల్లలు ఎన్ని, పెద్దవి ఎన్ని అని మీరు విడివిడిగా రాస్తే, అక్కడి వేసవి ఎలా గడిచిందో ఇక్కడే తెలుస్తుంది.

అభ్యాసం: పోటు పెరిగే వేళకు వెళ్లండి. నీళ్లు తరుముతుంటే పక్షులు ఒడ్డుకు దగ్గరగా వస్తాయి. కాకినాడ, పులికాట్, కృష్ణా ముఖద్వారం, ఏదైనా సరే. కెమెరా సంచిలోనే ఉంచండి. ఒకే పక్షిని ఎంచుకుని అరగంట చూడండి. రంగు అన్న మాట వాడకుండా ఒక పేజీ రాయండి. అది ఎగిరేదాకా ఆగి, తోక మొదలు బొమ్మ గీయండి. మీరు వెళ్లి ఎగరగొట్టవద్దు, మేసే పూట దానికి ప్రతి నిమిషమూ అవసరమే. కాలికి రంగు జెండా (పరిశోధకులు తగిలించే గుర్తు పట్టీ) కనబడితే ఏ కాలు, ఏ రంగు, మోకీలుకు పైనా కిందా అన్నది రాసుకోండి. బొమ్మ లేకుండా వచ్చిన పేజీలను ఈసారి చూడను.