ఏటి ఇసుకలో పిచ్చుకగూళ్లు

గుణుపురం, పర్లాకిమిడి వైపు ఉండేవాళ్లకి ఒక మాట. ఆదివారం పిల్లల్ని బజారుకి తిప్పే బదులు ఓసారి వంశధార ఒడ్డుకో, మహేంద్రతనయ ఒడ్డుకో తీసుకెళ్లండి, అమ్మమ్మనీ తాతనీ కూడా. బొమ్మలేమీ అక్కర్లేదు. తడి ఇసుకలో పాదం పెట్టి, దానిమీద ఇంకాస్త ఇసుక పోసి, అరచేత్తో గట్టిగా తట్టి, మెల్లగా కాలు వెనక్కి లాగితే పిచ్చుకగూడు నిలబడుతుంది; పొడి ఇసుకైతే రాలిపోతుంది, నీళ్లు కారే ఇసుకైతే కూలిపోతుంది, సరైన చోటు ఎక్కడో పిల్లల్నే వెతుక్కోనివ్వండి, మీరు చెప్పకండి. అమ్మమ్మ గూడు ఎందుకు పడిపోలేదో అడగడానికి వాళ్లే ఆవిడ పక్కన చేరతారు. పలక రాళ్లు దొరికితే నీటిమీద కప్పగంతులు వేయించండి. మీరూ కింద కూర్చుని ఆడాలి, గట్టుమీద ఫోన్ చూసుకుంటూ ఉంటే లాభం లేదు.

వానాకాలంలో మాత్రం ఏట్లోకి దిగొద్దు. మన దగ్గర ఎండ కాస్తున్నా పైన కొండల్లో వాన పడితే నీరు ఒక్కసారిగా పెరిగిపోతుంది. సంక్రాంతి రోజులైతే నీరు తగ్గి ఇసుక తేలి ఉంటుంది. అప్పుడు కూడా గుంటలున్న చోట పిల్లల చెయ్యి వదలకండి.