నాన్నగారి క్యాంటీన్ కార్డు మీద కారు: దరఖాస్తుకు ముందు జాగ్రత్తలు

సైన్యంలో చేసినవాళ్లకు, వాళ్ల కుటుంబాలకు తక్కువ ధరకు సరుకులిచ్చే సైనిక క్యాంటీన్ ఉంటుంది. సైన్యంలో చేసి రిటైరైన నాన్నగారు పోయిన కొన్నాళ్లకు ఇంట్లో ఈ మాట వస్తుంది: "క్యాంటీన్‌లో కారు తక్కువకు వస్తుంది కదా, నాన్న కార్డు ఉంది, తీసుకుందాం." తప్పు అక్కడే మొదలవుతుంది. మనిషి పోయిన రోజునుంచి ఆ కార్డు చెల్లదు. దాన్ని యూనిట్ క్యాంటీన్‌లో అప్పగించి, అమ్మ పేరున కొత్త కార్డు తీసుకోవాలి. కారు రాయితీ హక్కు ఇప్పుడు అమ్మది. ఉద్యోగాలు చేసుకుంటున్న కొడుకులూ కూతుళ్లూ తమ పేరున ఆ ధరకు కారు కొనలేరు. డబ్బు మీరు పెట్టినా, నడిపేది మీరైనా, ఇన్‌వాయిస్, ఆర్సీ రెండూ అమ్మ పేరునే ఉండాలి.

ఇంకో సంగతి చాలామందికి తట్టదు. నాన్నగారి పాత కారు ఇంట్లో ఉంటే, దాని ఇన్సూరెన్స్ మీద ఆయన కూడబెట్టిన నో క్లెయిమ్ బోనస్ (క్లెయిమ్ పెట్టని ఏళ్లకు ప్రీమియంలో వచ్చే తగ్గింపు) కూడా ఒక రాయితీయే. పాత కారు కొడుకు పేరుకి, కొత్త కారు అమ్మ పేరుకి అని తొందరపడి రాసుకుంటే ఈ రెండు రాయితీలూ చెరో దారి పడతాయి. కాబట్టి పాత కారు ఎవరికి, కొత్త కారు ఎవరికి అన్నది ఏ కాగితం మీదా సంతకం పెట్టకముందే తేల్చుకోండి.

పాత కారు పని ముందు చూడాలి, ఎందుకంటే గడువు దానికే ఉంది. కేంద్ర మోటారు వాహనాల నిబంధనల్లో 56వది దీని గురించే. యజమాని చనిపోయిన 30 రోజుల్లోపు ఆ సంగతిని, బండి ఎవరు వాడబోతున్నారన్నదాన్ని ఆర్టీఏకి రాతపూర్వకంగా తెలపాలి. అలా తెలిపితే వారసులు మూడు నెలల వరకు నడుపుకోవచ్చు. ఆ మూడు నెలల్లోనే ఫారం 31 పెట్టి ఆర్సీ మార్పించుకోవాలి. ఫారం 31తోపాటు మరణ ధ్రువపత్రం, ఒరిజినల్ ఆర్సీ, అమల్లో ఉన్న ఇన్సూరెన్స్, తహసీల్దారు ఇచ్చే ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్, మిగతా వారసులు అభ్యంతరం లేదని స్టాంపు కాగితం మీద ఇచ్చే నోటరీ అఫిడవిట్ సిద్ధం చేసుకోండి. ఆర్సీలో నామినీ పేరు ముందే రాయించి ఉంటే పని తేలిక. అమ్మమ్మలూ తాతయ్యలూ వినాల్సిన మాట కాబట్టి ఇక్కడే చెప్పేద్దాం: బండి యజమాని బతికుండగానే నామినీ పేరు ఆర్సీలో చేర్చుకోవచ్చు.

అఫిడవిట్‌లో తరచూ మరిచేది నానమ్మ పేరు. 1956 హిందూ వారసత్వ చట్టం ప్రకారం భార్య, కొడుకు, కూతురుతో సమానంగా తల్లి కూడా మొదటి తరగతి వారసురాలే. పెళ్లయిన కూతురూ అంతే. "అక్కకు పెళ్లై వెళ్లిపోయింది, ఆమె సంతకం ఎందుకు" అన్న ఏజెంటు మాట విని వదిలేస్తే, రేపు కారు అమ్మేటప్పుడో ఇంట్లో మాటా మాటా వచ్చినప్పుడో అదే ముడి పడుతుంది.

ఏజెంట్లు చూపించే అడ్డదారి ఒకటి ఉంది. ఫారం 29, 30 తెచ్చి, అమ్మేవాడి గడిలో నాన్నగారి సంతకం గీయమంటారు, "ఫారం 31 అయితే చాలా తిప్పుతారండీ" అంటారు. 29, 30 అనేవి బతికున్నవాళ్లు అమ్మితే వాడేవి. చనిపోయిన తేదీ తర్వాతి తేదీతో ఆయన సంతకం ఉందంటే అది ఫోర్జరీ. పట్టుబడకపోయినా, ఆ కారుకి ప్రమాదం జరిగిన రోజున ఇన్సూరెన్స్ సర్వేయర్ మొదట చూసేది ఆర్సీ మారిన తేదీని, మరణ తేదీని.

ఇక ఇన్సూరెన్స్. పాలసీ వెనక సన్నటి అక్షరాల్లో ఒక షరతు ఉంటుంది: పాలసీదారు మరణిస్తే పాలసీ వెంటనే రద్దు కాదు, మూడు నెలలు లేదా పాలసీ ముగిసే తేదీ, ఏది ముందైతే అప్పటిదాకా చెల్లుతుంది. "ఏది ముందైతే" అన్న ముక్కే కొంప ముంచుతుంది. ఉదాహరణకు మరణం మార్చి 5న, పాలసీ ముగిసేది ఏప్రిల్ 2న. జూన్ 5 దాకా ఉందనుకుంటారు, కాని ఏప్రిల్ 2 అర్ధరాత్రితో అది ముగుస్తుంది. ఆ తర్వాత బండి రోడ్డెక్కకూడదు. నో క్లెయిమ్ బోనస్‌కి మాత్రం పాలసీ ముగిసిన తేదీ నుంచి 90 రోజుల వెసులుబాటు ఉంది, అంటే జులై 1 దాకా. అదీ దాటితే అన్నేళ్ల బోనస్ సున్నా.

రెన్యూవల్ మెసేజ్ నాన్నగారి ఫోన్‌కే వస్తుంది, లింకు నొక్కితే రెండు నిమిషాల్లో కట్టేయొచ్చు. అలా కట్టకండి. లేని మనిషి పేరున తీసుకున్న పాలసీ మీద సొంత డ్యామేజీ క్లెయిమ్ పెడితే మొదటి ప్రశ్న దగ్గరే ఆగిపోతుంది. మరణ ధ్రువపత్రం జతచేసి కంపెనీకి మెయిల్ పెట్టి, పాలసీని అమ్మ పేరుకి మార్చమని అడగండి, ఆర్సీ మార్పు దరఖాస్తు రసీదు కూడా పంపండి. ఫోన్‌లో చెప్పి ఊరుకోవద్దు, జవాబు రాతలో ఉండాలి.

బోనస్ మెట్లు అందరికీ తెలిసినవే: క్లెయిమ్ లేని మొదటి ఏడాదికి 20 శాతం, ఆపై 25, 35, 45, అయిదేళ్లకు 50. ఇది ఓన్ డ్యామేజ్ (మన బండికి జరిగే నష్టానికి కట్టే) ప్రీమియం మీదే, థర్డ్ పార్టీ (మన బండి వల్ల ఎదుటివాళ్లకు జరిగే నష్టానికి కట్టే) ప్రీమియం మీద కాదు. మామూలుగా కారు చేతులు మారితే బోనస్ రాదు, అది మనిషికి చెందినది. మరణం దానికి మినహాయింపు: బండి స్వాధీనమూ వాడకమూ జీవిత భాగస్వామికి గాని, పిల్లలకు గాని, తల్లిదండ్రులకు గాని వస్తే ఆ బోనస్ వాళ్లకు దక్కుతుంది. తమ్ముడికో మేనల్లుడికో ఆ మినహాయింపు లేదు.

పేరు ఎవరిదన్న మాట ఇక్కడ డబ్బులోకి మారుతుంది. పాత కారు ఓన్ డ్యామేజ్ ప్రీమియం 5,000 అనుకుందాం. కొడుకు తన పేరున మార్చుకుంటే 50 శాతం బోనస్‌తో మిగిలేది 2,500. అదే కారు అమ్మ పేరుకి మార్చి, పాలసీ కూడా ఆమె పేరున అయ్యాక అమ్మేసి, బోనస్ నిలుపుదల పత్రం (పాత కారు అమ్మినా బోనస్ పోకుండా ఇన్సూరెన్స్ కంపెనీ ఇచ్చేది) తీసుకుంటే దాన్ని మూడేళ్లలోపు ఆమె కొనే కొత్త కారుకి వాడుకోవచ్చు. కొత్త కారు ఓన్ డ్యామేజ్ ప్రీమియం 16,000 అయితే 8,000 తగ్గుతుంది, దానిమీద 18 శాతం జీఎస్టీ 1,440 కూడా తప్పుతుంది. ఈ దారిలో వెళ్లేముందు నిలుపుదల పత్రం అమ్మ పేరున ఇస్తామని కంపెనీచేత రాయించుకోండి. కారు బోనస్ కారుకే, స్కూటర్‌కి చెల్లదు. ముందు ఏడాది క్లెయిమ్ ఉండి కూడా లేదని రాసి బోనస్ తీసుకుంటే, పాత కంపెనీని విచారించినప్పుడు బయటపడుతుంది, క్లెయిమ్ పోతుంది.

నాన్నగారు ఆ పాత కారును ప్రభుత్వ అడ్వాన్సు మీదో బ్యాంకు లోన్ మీదో కొని ఉంటే ఆర్సీలో హైపోథికేషన్ (బండి అప్పుకు తాకట్టుగా ఉందన్న గుర్తు) ఉందేమో చూడండి. అప్పు ఎప్పుడో తీరినా ఆ గుర్తు అలాగే మిగిలిపోవడం మామూలే. ఇచ్చినవాళ్ల నుంచి ఎన్వోసీ, రెండు ప్రతుల ఫారం 35 తెచ్చి ముందు దాన్ని తీయించాలి.

క్యాంటీన్ వైపు పని మొదలయ్యేది ఫ్యామిలీ పెన్షన్ పీపీవో (పెన్షన్ మంజూరు పత్రం) అమ్మ చేతికి వచ్చాకే. అసలు చిక్కు పేరులో ఉంటుంది. డిశ్చార్జి బుక్కులో "లక్ష్మీదేవి", పీపీవోలో "లక్ష్మమ్మ", ఆధార్‌లో "వెంకటలక్ష్మి", పాన్‌లో పుట్టింటి ఇంటిపేరు. నాలుగూ ఒకరే అని మీకు తెలుసు, క్యాంటీన్ దరఖాస్తు పెట్టే పోర్టల్‌కి తెలియదు. అప్‌లోడ్ చేశాక తిరస్కరిస్తే మళ్లీ మొదటినుంచి రావాలి. అందుకని నాలుగు కాగితాలూ పక్కపక్కన పెట్టి అక్షరం అక్షరం సరిచూడండి. తేడా ఉంటే ఆధార్, పాన్ ముందు సరిచేసుకోవడం తేలిక. సైనిక రికార్డుల్లో తప్పుంటే జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయం ద్వారా రికార్డ్స్ ఆఫీసుకి రాయాలి, దానికి నెలలు పడుతుంది.

కార్లు ఏఎఫ్‌డీ (ముందు ఆర్డర్ పెట్టి తెప్పించుకునే) సరుకుల కిందికి వస్తాయి, మామూలు క్యాంటీన్ కౌంటర్లో దొరకవు. ఆన్‌లైన్ ఏఎఫ్‌డీ పోర్టల్‌లో అమ్మ కార్డు వివరాలతో రిజిస్టర్ చేసి, క్యాంటీన్ శాఖ డిపో ఎంచుకుని, డీలర్ దగ్గర బండి ఉన్నట్టు పత్రం తీసుకుని, దరఖాస్తు పెట్టి, డబ్బు కట్టాలి. సప్లై ఆర్డర్ వచ్చాకే డీలర్ బండి ఇస్తాడు. తెలుగు రాష్ట్రాల్లో డిపోలు సికింద్రాబాద్, విశాఖపట్నంలో ఉన్నాయి. ఓటీపీలు అమ్మ ఫోన్‌కే రావాలి కాబట్టి ఆధార్‌కి, బ్యాంకుకి, కార్డుకి ఒకే నంబరు పెట్టించండి. డబ్బు అమ్మ ఖాతా నుంచే వెళ్లాలి. మీ ఖాతా నుంచి పంపేకంటే ముందు ఆమె ఖాతాలో వేసి అక్కడినుంచి కట్టండి. నాన్నగారితో జాయింటుగా ఉన్న ఖాతా అయితే ఆయన పేరు ముందే తీయించండి. లోన్ కావాలంటే అమ్మ వయసు చూసి బ్యాంకు కొడుకునో కూతుర్నో కో-అప్లికెంటుగా అడుగుతుంది, అది ఫర్వాలేదు, ఆర్సీలో మాత్రం ఆమె పేరే.

ర్యాంకును బట్టి ధర పరిమితి ఉంటుంది, రెండు కార్ల మధ్య ఇన్నేళ్లు గడవాలన్న నిబంధనా ఉంది. నాన్నగారు చివరిసారి క్యాంటీన్‌లో కారు ఎప్పుడు తీసుకున్నారో పాత ఇన్‌వాయిస్ వెతికి, ఆ తేదీ చూపించి డిపోలో అడిగాకే డీలర్ దగ్గర అడ్వాన్సు కట్టండి. అడ్వాన్సు ముందు కట్టి, అర్హత లేదని తర్వాత తెలిస్తే ఆ డబ్బు వెనక్కి రాబట్టడం ఒక యుద్ధం.

నిజంగా లాభమా అన్నది కూడా చూడాలి. క్యాంటీన్‌కి జీఎస్టీలో సగం మినహాయింపు. 2025 సెప్టెంబరు 22 నుంచి చిన్న కార్లకు, అంటే నాలుగు మీటర్లలోపు పొడవు, పెట్రోలైతే 1200 సీసీ లోపు ఉన్నవాటికి, జీఎస్టీ 18 శాతానికి తగ్గింది. పన్నుకు ముందు ధర 6 లక్షలైతే పన్ను 1,08,000, అందులో సగం 54,000. ఏడాది చివర షోరూమ్‌లో క్యాష్ డిస్కౌంటు, ఎక్స్ఛేంజ్ బోనస్ కలిపితే ఒక్కోసారి ఆ దరిదాపుల్లోకి వస్తాయి, ఆ ఆఫర్లు క్యాంటీన్ ధరతో కలిసి రాకపోవచ్చు. రెండు కొటేషన్లూ ఆన్‌రోడ్ ధరతో రాతలో తీసుకుని పక్కపక్కన పెట్టండి. లైఫ్ ట్యాక్స్ ఏ ధర మీద లెక్కిస్తారో అందులో రాయించండి. తెలంగాణలో ఒకే పేరున రెండో కారు రిజిస్టరైతే లైఫ్ ట్యాక్స్ రెండు శాతం ఎక్కువ. పాత కారు అమ్మ పేరున ఉండగానే కొత్తది కొంటే ఇది తగులుతుంది, పాతది ముందు అమ్మడానికి ఇది ఇంకో కారణం.

"మేడమ్, మీకు కారు అక్కర్లేకపోతే మీ కార్డు మీద మేం తీసుకుంటాం, ఇరవై వేలిస్తాం" అంటూ వచ్చేవాళ్లు ఉంటారు. ఒప్పుకోవద్దు. ప్రమాదం జరిగినా ట్రాఫిక్ చలాన్లు పడినా ఆర్సీలో పేరున్న అమ్మకే నోటీసు వస్తుంది, కార్డూ పోతుంది.

డెలివరీకి ముందు డీలర్ ఇన్సూరెన్స్ కాగితం చేతిలో పెడతాడు. పాలసీ జారీ కాకముందే బోనస్ నిలుపుదల పత్రం చూపించండి. డీలర్ దగ్గరే ఇన్సూరెన్స్ తీసుకోవాలని ఏమీ లేదు. అమ్మకు డ్రైవింగ్ లైసెన్సు లేకపోతే ఓనర్ డ్రైవర్‌కి 15 లక్షల పర్సనల్ యాక్సిడెంట్ కవర్ వర్తించదు, ఆ ప్రీమియం కూడా వేయనివ్వొద్దు. నడిపే కొడుకుకీ కూర్చునేవాళ్లకీ విడిగా యాక్సిడెంట్ కవర్ తీసుకోండి. ఇదే కవర్ గురించి ఇంకోటి: నాన్నగారు తన కారు నడుపుతూ ప్రమాదంలో పోయి ఉంటే, ఆయన పాత పాలసీలో ఈ కవర్ ఉందేమో చూడండి, ఉంటే ఆ 15 లక్షలు వారసులవి. సొంత డ్యామేజీ గొడవలో పడి చాలామంది దాన్ని అడగనే అడగరు.

పాత కారు అమ్మిన రోజున అద్దం మీది ఫాస్టాగ్ చింపేసి, ఆ ఖాతాలో ఉన్న సొమ్ము వెనక్కి అడగండి. లేకపోతే కొన్నవాడు తిరిగే ప్రతి టోల్ గేటూ నాన్నగారి ఖాతాకే చూపిస్తుంది.