మీ జేజి కథలు పిల్లలకు అందాలంటే

మన రాయలసీమ పిల్లల్లో చాలామందికి సొంతగడ్డ గురించి తెలిసింది సినిమాల్లోంచే. సుమోలు, బాంబులు, తొడకొట్టడాలు. బయటి కాలేజీలో చేరాక "మీది కడపా? అమ్మో" అని ఎవరన్నా అంటే ఒకడు సిగ్గుపడతాడు, ఇంకొకడు అదే గొప్పనుకుని మీసం తిప్పుతాడు, ఇద్దరికీ చెప్పుకోడానికి వేరే కథ లేదు. ఉన్న కథంతా జేజి (నాయనమ్మ) దగ్గర, జేజినాయన (తాత) దగ్గర ఉంది.

"కథ చెప్పు జేజీ" అని మాత్రం అడగొద్దు, "నాకేం కథలొస్తాయి నాయనా" అని తప్పించుకుంటారు. శనక్కాయలు ఒలిచేటప్పుడో చింతపండు గింజ తీసేటప్పుడో పక్కన కూర్చుని మీరూ ఓ చెయ్యి వెయ్యండి, వాళ్లకు చెప్పి, ఫోన్లో రికార్డింగ్ ఆన్ చెయ్యండి. వీడియో వద్దు, కెమెరా చూస్తే బిగుసుకుపోతారు. ఏ సంవత్సరం అని అడిగితే మాట ఆగిపోతుంది, కరువు పేరు చెప్పి అడగండి. 1952 ప్రాంతంలో కరువొచ్చినప్పుడు సీమలో గంజి కేంద్రాలు పెట్టారు, ఎనభై దాటినవాళ్లలో కొందరికైనా గంజి కోసం నిలబడ్డ ఆ వరస గుర్తుంటుంది. గంజికి ఏ గిన్నె తీసుకుపోయారు, ఇంట్లో ముందు ఎవరికి పోశారు, ఎద్దుల్ని అమ్మేశారా? అన్నం పారేసే పిల్లాడికి మనం చెప్పే నీతులకంటే ఈ జవాబులు బాగా పనిచేస్తాయి, ఎందుకంటే ఆ గిన్నె పట్టుకుని నిలబడింది వాడి జేజే.

కరువులతో ఆపొద్దు. 1847లో కోయిలకుంట్లలో ఉరితీసిన ఉయ్యాలవాడ నరసింహారెడ్డి మీద జనం పాటలు కట్టుకున్నారు, కర్నూలు వైపు పెద్దవాళ్లుంటే పాడించుకోండి. పుస్తకంలో ఉన్నట్టు లేదని దిద్దొద్దు, ఒక్కో ఊళ్లో ఒక్కోలా చెప్పడమే దాని అందం.

రాసుకునేటప్పుడు "తింటిమి, పోతిమి" అన్నదాన్ని "తిన్నాం, వెళ్లాం" అని మార్చకండి, మారిస్తే అది మీ జేజి గొంతు కాదు. నోటి మాటకు, పాత ప్రతులకు విలువ ఏంటో పిల్లలకు చూపించాలంటే కడపలో సి.పి. బ్రౌన్ గ్రంథాలయానికి తీసుకెళ్లండి. వేమన పద్యాల ప్రతులు వెతికించి 1829లో అచ్చేయించిన బ్రౌన్ దొర బంగళా ఉన్న చోటే అది కట్టారు.

రికార్డింగ్‌కి పేరు, ఊరు, తేదీ పెట్టి ఇంకో ఇద్దరికి పంపండి, ఫోన్లు పోతుంటాయి. తర్వాత అసలు పని: పిల్లాడికి వినిపించి, వాడి స్నేహితుడికి వాడినే చెప్పమనండి. వినడంతో సగమే వస్తుంది, తన నోటితో చెప్పినప్పుడే అది వాడిదవుతుంది. ఊళ్ల పేర్లు తప్పు చెప్పినా మధ్యలో అడ్డుపడకండి.